ఆయమ్మ గొంతుతో మాట్లాడిన బొమ్మ

నలుగురి ముందు నోరు విప్పడం నాకు చిన్నప్పటి నుంచీ చేతకాదు. ఇంటికి ఎవరైనా వస్తే తలుపు వెనక్కి వెళ్ళిపోయేదాన్ని. మా నాన్న రబ్బరు తోట ఆఫీసులో గుమాస్తా. తోటలో అందరూ కిరాణీగారు అనేవారు. మలయాలో సుంగై సిపుట్ ఊరి నుంచి లోపలికి పోయే ఎర్రమట్టి దారి చివర ఉండేది మా తోట. అమ్మ నాకు ఊహ తెలియకముందే పోయింది. నాన్న ఆఫీసుకు వెళ్తూ నన్ను ఆయమ్మ పాకలో దింపి వెళ్ళేవారు.

ఆయమ్మ అంటే కూలీల పిల్లల్ని చూసుకునే మనిషి. తల్లులు తెల్లవారకుండానే రబ్బరు పాల కోసం చెట్లు గీయడానికి వెళ్ళిపోతే, చంటిపిల్లలూ నడక వచ్చిన పిల్లలూ మధ్యాహ్నం దాకా ఆవిడ దగ్గరే ఉండేవారు. పాక దూలాలకు వరసగా పాత చీరల ఉయ్యాలలు వేలాడేవి. ఒక కాలితో ఒక ఉయ్యాల, ఒక చేత్తో ఇంకో ఉయ్యాల ఊపుతూ మాట్లాడుతూనే ఉండేది. శ్రీకాకుళం వైపు నుంచి ఓడెక్కి వచ్చిన వాళ్ళ కూతురు. ఆవిడ మాటలో ఆ ఊళ్ళు అలాగే ఉండిపోయాయి.

"ఓలమ్మో, ఈ గుంటడి ఆకలి సూడండర్రా. కొండచిలవ మింగినట్టు మింగుతన్నాడు!"

గంజి గిన్నె పట్టుకుని ఒక్కొక్క పిల్ల ముందూ చతికిలబడి, "తిన్నావేటి నాయినా? తిననేదా? మరి నోరు తెరువు" అనేది. "నాయినా" అన్న చోట గొంతు కొంచెం పైకి లేచి, సాగి, దిగేది. ఏడుస్తున్న పిల్ల కూడా ఆ సాగతీత అయ్యేదాకా ఆగేది. నేను మాటలు నేర్చుకున్నది ఆ పాకలోనే. నాన్న పెట్టెలోని పుస్తకాల తెలుగు నాకు తర్వాత వచ్చింది.

ఆవిడ ఇప్పుడు తెలుగు మాట్లాడదు. నా చేతి మీద ఆడిన ఒక బొమ్మ వల్ల అలా జరిగింది. అలా జరగలేదని నాన్న అంటారు. ఎవరిని అడిగినా అంత మాట ఎందుకంటారు. కానీ నాకు తెలుసు.

అవి మలయాలో ఎమర్జెన్సీ రోజులు, అడవిలో చేరిన కమ్యూనిస్టులతో ఇంగ్లీషు సర్కారు పోరాడుతున్న కాలం. కూలీల లయాలను, అంటే వాళ్ళ వరస ఇళ్ళను, ముళ్ళ కంచె లోపలికి మార్చారు. గేటు దగ్గర కాపలావాళ్ళు పనికి వెళ్ళే ఆడవాళ్ళ బుట్టలూ కొంగులూ వెతికేవారు. అడవిలో దాక్కున్న వాళ్ళకు బియ్యం అందుతోందని అనుమానం. వండిన అన్నమైనా సరే, మెతుకు గేటు దాటకూడదు. పిల్లల పాక మాత్రం కంచెకు అవతల, రబ్బరు పాలు తూచే షెడ్డు పక్కనే ఉండిపోయింది. అందుకని గంజి కుండతో గేటు దాటే అనుమతి తోట మొత్తం మీద ఆయమ్మ ఒక్కదానికే ఉండేది.

అప్పుడప్పుడు ఇపో టౌను నుంచి సర్కారు సినిమా వ్యాను వచ్చేది. దానితో వచ్చే ఆయన ఇపోలో పుట్టి పెరిగిన తెలుగాయన, అక్కడివాళ్ళలాగే మాట చివర లా అని తగిలించేవారు. వ్యాను మాస్టర్ అనేవాళ్ళం. తెర మీద బొమ్మ పడాలంటే చీకటి పడాలి. అప్పటిదాకా పిల్లలు గోల చేస్తారని ఆయన చేతికి తొడుక్కునే బొమ్మలు రెండు చేయించుకొచ్చారు. ఒకటి ముసలమ్మ, ఒకటి అడవిపంది. కథ పైనుంచి, సర్కారు దగ్గర నుంచి వచ్చిందే. కంచె దగ్గరకు వచ్చి ఆకలి అన్న పందికి ముసలమ్మ జాలిపడి అన్నం పెడుతుంది. మర్నాడు అది తన మందనంతా వెంటబెట్టుకొస్తుంది. కర్రపెండలం మడి, కోళ్ళ గూడు, అన్నీ నాశనం. పిల్లలకు అది పంది కథ. పెద్దవాళ్ళకు తెలియవలసింది వేరే ఉంది.

మాస్టర్ మా ఇంటికొచ్చి నాన్నతో అన్నారు. "కిరాణీగారూ, నాది టౌను తెలుగు. ఇక్కడి పిల్లలు నవ్వరు లా. ఎవరైనా ఆడమనిషి గొంతు కావాలి."

"మా అమ్మాయి పుస్తకాలు బాగా చదువుతుంది."

"చదవడం కాదండీ, మాట్లాడాలి."

"మాట్లాడటమా? మనుషుల్ని చూస్తే నాలుక మింగేస్తుంది."

"మనుషులు కనబడరు. గుడ్డ వెనకాల కూర్చోవడమే."

గుడ్డ వెనకాల అన్న మాట విని తలుపు చాటు నుంచి బయటికొచ్చాను. నాకప్పుడు పదిహేనో పదహారో ఏళ్ళు.

ముసలమ్మ తల కాగితపు గుజ్జుతో చేసినది. బరువు లేదు. చూపుడువేలు మెడలో, బొటనవేలు, నడిమివేలు చేతుల్లో పెట్టాలి. ముందు నేను మాస్టర్ రాసిచ్చిన మాటలు చదివినట్టు చెప్పాను. ఆయన ఆవులించారు. "చెల్లీ, అది ముసలమ్మ లాగ లేదు, బళ్ళో పద్యం అప్పజెప్పినట్టుంది." సిగ్గేసి బొమ్మను దించేశాను. మళ్ళీ ఎత్తినప్పుడు దాని తల కొంచెం పక్కకు వాలింది. ఆ వాలడం చూడగానే నా నోట్లోంచి ఆయమ్మ వచ్చింది. నేను పిలవలేదు. "తిన్నావేటి నాయినా? తిననేదా?" సాగతీతతో సహా.

మాస్టర్ లేచి నిలబడ్డారు. "అదీ! అదే కావాలి!"

అది ఎవరి గొంతో ఆయనకు తెలియదు. నాకు తెలుసు. అందులో తప్పు కనబడలేదు. మా నాయనమ్మ బతికున్నప్పుడు తను పుట్టిన ఇండియాలోని తోలుబొమ్మలాట గురించి చెప్పేది. తెర మీద హాస్యపు బొమ్మలు ఊరిపెద్దల నడకా మాటా ఎత్తుకుని వెక్కిరించేవట. మునసబు నత్తి, షావుకారు దగ్గు, ఏదీ వదిలేవారు కాదట. వెక్కిరించబడ్డవాళ్ళు మర్నాడు ఆటవాళ్ళను ఇంటికి పిలిచి కొత్త పంచె పెట్టేవారట. బొమ్మ నోట పేరు రావడం గొప్ప. ఆ గొప్ప ఆయమ్మకు చేస్తున్నాననుకున్నాను. నాయనమ్మ చెప్పిన కథల్లో అందరూ పెద్దవాళ్ళేనని, ఇళ్ళు ఊడ్చే ఆడదాన్ని గానీ, ఒకరి పిల్లలకు గంజి పోసే ఆడదాన్ని గానీ ఏ బొమ్మా ఎత్తుకోలేదని అప్పుడు తోచలేదు. ముందుగా ఆయమ్మను ఒక మాట అడగాలని కూడా తోచలేదు.

ఆట లయాల మధ్య ఖాళీ స్థలంలో జరిగింది. రెండు వెదురు కర్రలకు కట్టిన నీలం గుడ్డ వెనక పీట మీద కూర్చున్నాను. గుడ్డలో చిన్న చిరుగు ఉంది. అందులోంచి ముందు వరస కనబడేది. ముసలమ్మ మొదటి మాట అనగానే పిల్లలు ఒక్క క్షణం ఊపిరి బిగబట్టి, తర్వాత విరగబడి నవ్వారు. ఆ నవ్వు గుడ్డను దాటి నా ఒంటికి తగిలింది. అలాంటిది నాకు అంతకుముందు తెలియదు.

అందరికంటే ఎక్కువ నవ్వింది ఆయమ్మే. కళ్ళు తుడుచుకుంటూ పక్కనున్న ఆడమనిషిని మోచేత్తో పొడిచింది.

"ఎవుల్దే ఆ ముసిల్ది? అచ్చంగా మా అమ్మోళ్ళ ఊరి మాట మాటాడతంది!"

"ఎవులేటి? నువ్వే గదే!"

"నేనా? సీ! నేనలాగ మాటాడతానేటి?"

"మరెలాగ మాటాడతావేటి, దొరసానిలాగా?"

చుట్టూ ఉన్నవాళ్ళు ఘొల్లుమన్నారు. ఆయమ్మ ఇంకా నవ్వుతూనే ఉంది కానీ, నోరు మాత్రం కొంగుతో మూసుకుంది. చిరుగులోంచి అది చూశాను. చూసి, ముసలమ్మ చేత ఆ మాటే ఇంకోసారి అనిపించాను. ఆ రోజు నా డైరీలో పేజీ నిండా నవ్వుల గురించే రాసుకున్నాను. కొంగు గురించి ఒక్క ముక్క లేదు.

కొన్నాళ్ళకు మాస్టర్ సంబరంగా వచ్చారు. ఆ ఆట సినిమాగా తీస్తారట. తమిళంలో ఒకటి, తెలుగులో ఒకటి. నాన్న నన్ను ఇపో తీసుకెళ్ళారు. గోడలకు పరుపులు ఆనించిన ఒక గదిలో, కెమెరా ముందు, ముసలమ్మను ఆడించి మాటలు చెప్పాను. అక్కడ నవ్వేవాళ్ళు ఎవరూ లేరు. అయినా ఆయమ్మ పాక తలుచుకుంటే గొంతు దానంతటదే వచ్చింది.

"ఒక్కసారి తీస్తే చాలు చెల్లీ, నువ్వు కదలక్కర్లేదు. ఎన్ని తోటలకైనా నీ ముసలమ్మ వెళ్తుంది" అన్నారు మాస్టర్.

వెళ్ళింది. మా తోటకు కూడా మళ్ళీ మళ్ళీ వచ్చింది. గుడ్డ వెనక ఆడినప్పుడైతే ఈసారి ఒక మాట తగ్గించవచ్చు, ఇంకో మాట మార్చవచ్చు. తెర మీద ముసలమ్మ ఎప్పుడూ అదే చోట అదే మాట అనేది, ఎప్పుడూ పందికి అన్నం పెట్టేసేది. పిల్లలకు మొత్తం కంఠస్థం అయింది. ముసలమ్మ తల వాల్చగానే అందరూ ఒక్క గొంతుతో ముందే అరిచేవారు. "తిన్నావేటి నాయినా!"

గేటు దగ్గర కాపలా కాసే మలాయ్ కుర్రాడికి తెలుగు రాదు. ఆ ఒక్క మాట వచ్చేసింది. పొద్దున్నే ఆయమ్మ గంజి కుండతో రాగానే మూత ఎత్తి, "తిన్నావేటి నాయినా?" అనేవాడు. మొదట్లో ఆవిడా ఊరుకోలేదు.

"తినేసినాన్రా నాయినా. నువ్వు తిననేదేటి, సిక్కిపోనావు?"

అందరూ నవ్వేవారు. తర్వాత ఇంకో కాపలావాడు కర్ర ముక్కతో గంజి కలిపి చూడటం మొదలుపెట్టాడు. ఇందులో పంది వాటా ఎంత అని అడిగేవాడు. వాళ్ళకది వేళాకోళమే. కానీ ఆ రోజుల్లో అన్నం గురించి గేటు దగ్గర వేళాకోళమాడితే ఎవరి గుండె కుదురుగా ఉంటుంది? అడవిలోకి అన్నం పంపిందన్న మాట ఒక్కటి పైకి వెళ్తే మనిషిని లారీ ఎక్కించి జైలుకు తీసుకుపోతారు. పనికి వెళ్తూ నిలబడ్డ ఆడవాళ్ళు నవ్వుతూనే ఆవిడకు కొంచెం దూరం జరిగేవారు. ఆయమ్మ జవాబులు చెప్పడం మానేసింది. తల వంచుకుని కుండ ఎత్తుకుని వెళ్ళిపోయేది.

పాకలో సంగతి అంతకంటే చెడ్డగా ఉంది. నడక వచ్చిన పిల్లలు ఆవిడ "తిన్నావేటి" అనగానే ముక్కులు పైకెత్తి పందుల్లాగ గుర్రుమనేవారు. "ఊరుకోండర్రా" అంటే ఆ మాటా బొమ్మ మాట లాగే వినబడేది వాళ్ళకి. ఆవిడ ఏమన్నా నవ్వే. తల్లులకు చెబితే తల్లులూ నవ్వారు.

వ్యాను ఇంకోసారి వచ్చినప్పుడు ధైర్యం చేసి మాస్టర్‌ని అడిగాను. నేలచూపులు చూస్తూనే అడిగాను.

"సార్, ఆ ముసలమ్మ గొంతు మార్చడానికి కుదరదా?"

"ఎందుకు? అందరికీ నచ్చింది గదా."

"అది ఆయమ్మ గొంతు. ఆవిడ్ని అందరూ..."

"ఆవిడకేం చెల్లీ, ఫేమస్ అయిపోయింది లా!" అని, నా మొహం చూసి కొంచెం తగ్గారు. "ప్రింటు పడిపోయింది. అది మార్చలేం. కావాలంటే నువ్వే కొత్త కథ రాయి. ముసలమ్మని తెలివైనదాన్ని చెయ్యి. వచ్చే ట్రిప్పులో గుడ్డ కట్టి ఆడదాం."

రాశాను. చాలా శ్రద్ధగా రాశాను. ఈ కథలో ముసలమ్మ పందికి అన్నం పెట్టదు. పంది వేసిన మాయలన్నీ కనిపెట్టేస్తుంది. ఆవిడకు గౌరవంగా ఉండాలని మాటలన్నీ నాన్న పుస్తకాల తెలుగులో రాశాను. "ఆకలిగా ఉన్నదా నాయనా? నీ మాటలయందు నాకు విశ్వాసము లేదు." అలా. ఆయమ్మకు మంచి తెలుగు ఇస్తే ఆవిడకు మర్యాద ఇచ్చినట్టేనని నిజంగా నమ్మాను. ఆవిడ తెలుగుకు ఏం తక్కువని ఎవరైనా అడిగి ఉంటే ఏం చెప్పేదాన్నో.

ఆట రోజు ఆయమ్మ వెనక వరసలో కూర్చుంది. రాకపోతే ఇంకా ఏదో అంటారని వచ్చి ఉంటుంది. ముసలమ్మ గంభీరంగా మాట్లాడటం మొదలుపెట్టింది. పిల్లలు కాసేపు చూశారు. తర్వాత ఒకడు పక్కవాడిని గిల్లాడు. ఒకడు లేచి వెళ్ళిపోయాడు. పంది వేషం మాస్టర్‌ది. ఆయన గుర్రుమన్నప్పుడు మాత్రం పిల్లలు కొంచెం కదిలారు. గుడ్డకు అవతల ఎవరూ వినడం లేదని బొమ్మ లోపలి వేళ్ళకు కూడా తెలిసిపోయింది.

"పాతది! పాతది అను!" అని ఎవరో పిల్ల అరిచింది.

"తిన్నావేటి అను!"

ఇంకొందరు అందుకున్నారు. చిరుగులోంచి చూశాను. కొందరు పిల్లలు బొమ్మ వైపు కాదు, వెనక్కి తిరిగి ఆయమ్మ వైపు చూసి అరుస్తున్నారు. ఆవిడ ఎటూ చూడకుండా కూర్చుని ఉంది. మాస్టర్ గుసగుసగా, "అనెయ్యి చెల్లీ, ఆట పోతోంది" అన్నారు.

ఆయన అనమన్నందుకు అనలేదు నేను. మొదటిసారి నా ఒంటికి తగిలిన ఆ నవ్వు మళ్ళీ కావాలనిపించి అన్నాను. ముసలమ్మ తల పక్కకు వాల్చాను. పిల్లలంతా ఊపిరి బిగబట్టారు. "తిన్నావేటి నాయినా?" అన్నాను, అంతకుముందు ఎప్పుడూ అననంత బాగా, "నాయినా" ఇంకా సాగదీసి. మొదటిసారి తెలియక చేశాను. ఈసారి అన్నీ తెలిసి చేశాను.

ఆ నవ్వు ఎంతసేపు ఉందో!

మర్నాడు పాకలో పెద్దపిల్లలు ముందు రోజు ఆటే ఆడుకుంటున్నారట. ఆయమ్మ ఒక చిన్నపిల్లాడి ముందు గిన్నెతో కూర్చుని అలవాటు కొద్దీ "తిన్నావేటి" అందట. వెంటనే అటూ ఇటూ అందరూ గుర్రుమన్నారు. నోట్లో గంజితో ఉన్న పిల్లాడు పకపకా నవ్వాడు. గంజి అడ్డం పడింది. పిల్లాడి మొహం నల్లబడిపోయింది. ఆయమ్మ వాణ్ణి తలకిందులుగా పట్టుకుని వీపు మీద చరిచి చరిచి ఊపిరి తెప్పించింది. పాలు తూచే షెడ్డులో ఉన్నవాళ్ళంతా పరిగెత్తారు. తోట ఆసుపత్రిలో మందులిచ్చే డ్రెస్సర్ కూడా వచ్చాడు.

నేను వెళ్ళేసరికి ఆ పిల్లాడి తల్లి కేకలేస్తోంది.

"గుంటలు నవ్వుతుంటే గంజెలాగ పోసినావే? కళ్ళు కనపడవేటి నీకు?"

"నవ్వుతుంటే పొయ్యనేదమ్మా. పోసినాక నవ్వినాడు."

"ఏటన్నావు మరి నవ్వడానికి?"

ఏమందో అందరికీ తెలుసు. డ్రెస్సర్ మాత్రం మెల్లగా, అందరూ వినేటట్టే అన్నాడు. ఇంకోసారి ఇలాంటిది జరిగితే ఇంకో ఆయాను పెట్టమని దొరకు చెప్పవలసి వస్తుందన్నాడు. ఆయమ్మకు ఆ పాక తప్ప ఇంకేమీ లేదు. పెనిమిటి లేడు, తన కడుపున పుట్టిన పిల్లలు లేరు. చెట్లు గీయడానికి నడుం వంగదు. పాక పోతే లయంలో ఇల్లు కూడా పోతుంది. అక్కడున్న వాళ్ళలో నేనొక్కదాన్నే అసలు సంగతి చెప్పగలను. ఆ నవ్వు ఎక్కడి నుంచి వచ్చిందో, ముందు రోజు దాన్ని ఎవరు తట్టి లేపారో చెప్పగలను. నా చుట్టూ అంతమంది ఉన్నారు. గుడ్డ లేదు. నోరు తెరిచాను గానీ గాలి తప్ప ఏమీ రాలేదు. తల్లి పిల్లాణ్ణి ఎత్తుకుని వెళ్ళిపోయింది. అందరూ వెళ్ళిపోయారు. నేనూ వెళ్ళిపోయాను.

ఇంటికెళ్ళి నాన్నకు చెప్పాను. దొరతో ఒక మాట చెప్పమన్నాను. నాన్న కళ్ళజోడు తుడుచుకున్నారు. "ఆవిణ్ణి తీసేయరులే. చెబితే లేనిపోని విషయం పెద్దదవుతుంది. అన్నం, పంది, గేటు, ఇవన్నీ ఇప్పుడు దొర ముందు ఎందుకు?" ఆయన అన్నదాంట్లో అబద్ధం లేదు.

రెండు రోజుల తర్వాత పాకకు వెళ్ళాను. ఆయమ్మ ఒక పిల్ల ముందు కూర్చుని గంజి పోస్తోంది.

"సాప్పిట్టియా?" అంటోంది. తమిళంలో, తిన్నావా అని.

పిల్ల బుద్ధిగా నోరు తెరిచింది. పెద్దపిల్లలు ఎవరి మానాన వాళ్ళు ఆడుకుంటున్నారు. గుర్రుమనడానికి వాళ్ళకేమీ దొరకలేదు. తోటలో అందరికీ తమిళం కొద్దోగొప్పో వచ్చు. బజారులో, బడిలో, గుడిలో అదే కదా. కానీ ఆయమ్మ పిల్లలతో ఆ మాట మాట్లాడగా నేను అంతకుముందెప్పుడూ వినలేదు.

"ఆయమ్మా" అన్నాను.

"ఎన్న పాపా?" అంది, ఏమిటమ్మా అని. తల ఎత్తలేదు.

"నాతోనైనా మన మాట మాట్లాడు."

ఆవిడ పిల్ల మూతి తుడిచి, గిన్నె పక్కన పెట్టి, పిల్లలు దూరంగా ఉన్నారో లేదో చూసుకుంది. గొంతు బాగా తగ్గించింది.

"అది నీ బొమ్మ మాటయిపోనాది పాపా. నేను నోరిప్పితే ఆ ముసిల్దే మాటాడినట్టుంటాది. వీళ్ళు నవ్వుతారు. నవ్వితే గంజి అడ్డంపడతాది. కూడెట్టాలి గదమ్మా నేను."

"నా వల్లే. నేనే..."

"నీకెవులు నేర్పినారు మాటలు? నేనే గదా." కోపంగా అనలేదు. కోపంగా అని ఉంటే బాగుండేది. "బాగా నేర్సుకున్నావు. నాకంటే బాగా సెప్తావు."

ఆ తర్వాత ఇంకో పిల్ల వైపు జరిగి, "సాప్పిట్టియా?" అంది. ఆవిడ నాతో తెలుగులో మాట్లాడటం అదే ఆఖరు.

పాక పోలేదు. డ్రెస్సర్‌కు మళ్ళీ మాట అనే అవసరం రాలేదు. గేటు దగ్గర కూడా ఆవిడ తమిళంలో రెండు మాటలు చెప్పి దాటేసేది. వేళాకోళానికి రుచి పోయి కాపలా కుర్రాళ్ళు మానేశారు. ఏళ్ళు గడిచాయి. సినిమా రీలు ఎక్కడో అరిగిపోయి ఆగిపోయింది. మెర్డెకా, అంటే దేశానికి స్వతంత్రం, వచ్చిన రోజు బడి మైదానంలో పిల్లలందరికీ చిన్న చిన్న జెండాలు పంచారు. నేనప్పటికే తోట బడిలో చిన్న తరగతికి చెబుతున్నాను. జెండాలు ఊపుతున్న ఆ పిల్లల్లో ఆయమ్మ తమిళంతో పెరిగిన వాళ్ళే ఎక్కువ. ఇళ్ళల్లో అమ్మానాన్నలు తెలుగులో పిలిస్తే తమిళంలో పలికేవారు. "ఈ గుంటడికి మన మాట తెలుస్తాది గానీ నోట రాదండీ" అని తల్లులు నాతో నవ్వుతూ చెప్పేవారు. అందులో ఒక తల్లి ఆ రోజు పాకలో కేకలేసిన ఆవిడే.

బడిలో ఎలాగూ తమిళమే కదా, ఎప్పటికైనా అంతే అవుతుంది, అంటారు నాన్న. కావచ్చు. చుట్టుపక్కల తోటల్లోనూ అలాగే అయింది, అక్కడ ఏ బొమ్మా లేకపోయినా. ఆ మాట చాలాసార్లు నాకు నేను చెప్పుకున్నాను. చెప్పుకున్నప్పుడల్లా, మా తోటలో ఒక మనిషి పనిగట్టుకుని, ప్రతి పొద్దున్నా, తన మాట నోట్లోనే ఆపుకుని పిల్లల్ని పెంచిందన్నది మాత్రం అలాగే మిగిలిపోతోంది.

ఈమధ్య మాస్టర్ మళ్ళీ వచ్చారు. జుట్టు నెరిసింది. ఇప్పుడు కౌలాలంపూర్‌లో టెలివిజన్ వాళ్ళతో పని చేస్తున్నారట. పిల్లల కోసం బొమ్మలాట పెట్టాలనుకుంటున్నారు. ముసలమ్మ కావాలన్నారు.

"తెలుగులోనా?"

"తెలుగుకి అంత టైము ఇవ్వరు చెల్లీ. తమిళంలో. నీకొచ్చు గదా. అదే ముసలమ్మ, అదే పంది."

వస్తానని ఎందుకన్నానో నాకు స్పష్టంగా తెలియదు. తోట వదిలి వెళ్ళాలని ఉందేమో. గుడ్డ వెనక చోటు మళ్ళీ దొరుకుతోందనేమో. రైల్లో కిటికీ పక్కన కూర్చుని, పెదాలు కదపకుండా, ముసలమ్మ ఎలా మాట్లాడాలో మనసులోనే అనుకుంటూ వెళ్ళాను. నాకు తెలిసిన ముసలమ్మ తమిళం ఒక్కటే. తెలుగు సాగతీత మీద తమిళం మాట ఎక్కించినట్టుండే తమిళం. "సాప్పిట్టియా?" అన్నప్పుడు చివర గొంతు కొంచెం పైకి లేచి, సాగి, దిగుతుంది. రైలు తంజోంగ్ మాలిమ్ దాటేసరికి అది నాకు పూర్తిగా పట్టుబడింది.

ఒక పాత హాల్లో పరీక్షగా తీస్తున్నారు. దీపాల వేడికి ఒళ్ళంతా చెమట. పిల్లల్ని కొందరిని చాప మీద కూర్చోబెట్టారు. కొత్త ముసలమ్మ బొమ్మకు కాటన్ చీర కట్టారు. చేతికి తొడుక్కున్నాను. ఎదురుగా చిన్న టెలివిజన్ పెట్టెలో ముసలమ్మ మొహం కనబడుతోంది. ఆ మొహం ప్రతి ఊళ్ళోనూ ఇళ్ళల్లోకి వెళ్తుంది. ఇది ఏ రీలు లాగానూ అరిగిపోదు.

"ఊఁ, చెల్లీ" అన్నారు మాస్టర్.

బొమ్మ తల పక్కకు వాలింది. చాప మీద పిల్లలు ఊపిరి బిగబట్టారు. మాట నా నోటి దాకా వచ్చేసింది. అంటే వాళ్ళు నవ్వుతారని, ఎంత నవ్వుతారో కూడా తెలుసు. ఆయమ్మ మాట ఒకటి తీసుకున్నాను. అది నాకొదిలేసి ఆవిడ ఇంకో మాటలోకి వెళ్ళింది. ఇప్పుడు అక్కడికీ వెళ్ళి, అదీ తీసుకుంటే ఆ పాకలో ఇంకే మాట మిగులుతుంది?

చెయ్యి దించేశాను. "గొంతు రావడం లేదు సార్."

"జలుబా?"

"ఊఁ."

నిజం చెప్పడానికి అప్పుడు కూడా నోరు రాలేదు. ఆయన నొచ్చుకున్నట్టు చూసి, ముసలమ్మను అక్కడే ఉన్న తమిళ అమ్మాయికిచ్చారు. ఆ అమ్మాయి మొదటి మాట అనగానే పిల్లలు నవ్వారు. ఎవరి గొంతు తెచ్చిందో, వాళ్ళ ఇంట్లో ఏ ముసలావిడ అలా మాట్లాడుతుందో నేను అడగలేదు. అడిగి ఉండవలసింది. ఖాళీగా ఎందుకని మాస్టర్ నాకు పందినిచ్చారు. పందికి మాటల్లేవు. ఆ పూటంతా గుర్రుమన్నాను.

తిరిగొచ్చాక పాకకు వెళ్ళాను. ఆయమ్మ ఇప్పుడు బాగా పెద్దదైపోయింది. కౌలాలంపూర్‌లో ఏం చేశావని తమిళంలో అడిగింది.

"పందిని ఆడించాను."

"అదేం మాట్లాడింది?"

"ఏమీ మాట్లాడలేదు."

ఆవిడ ఒక్కసారి నా మొహంలోకి చూసింది. ఉయ్యాలలోంచి లేచి వచ్చిన పిల్ల ఒకతె ముందుకొచ్చి కూర్చుంది. ఆయమ్మ చెంచా ఎత్తి, "సాప్పిట్టియా?" అంది. ఆ చివరి సాగతీతను నా చెవి అప్పుడు కూడా పట్టుకుంది. ఈ చెవిని ఏం చేసుకోవాలో నాకు తెలియదు.

పిల్ల నవ్వలేదు. నోరు తెరిచింది.